మిత్సుకి అని ఎలా రాయాలి

ఇనా
29 సెప్టెంబరు 2002

అన్నయ్యకి,

ఇక్కడ తోటలో ఆపిల్ కాయలు రంగు తిరుగుతున్నాయి. మీ దగ్గర గాలి మారిందా? వదిన నడుము నొప్పి తగ్గిందా?

సానాయెకి నిన్న పొద్దున ఆడపిల్ల పుట్టింది. తల్లీ పిల్లా బాగున్నారు. ముక్కు మాత్రం అచ్చం నీది. నా కూతురు నీకేం అన్యాయం చేసిందో తెలీదు.

పేరు పెట్టే బాధ్యత నా మీద పడింది. అల్లుడు కోజీకి తల్లి లేదు కదా. వాళ్ల నాన్నగారు "ఆడపిల్ల పేరు ఆడవాళ్లే చూసుకోండి" అని తప్పుకున్నారు. సానాయె ఏమందంటే, "నువ్వే పెట్టమ్మా. కానీ అందులో సముద్రం ఉండాలి. నువ్వు పుట్టింది అక్కడేగా." ఇన్నేళ్లలో నా కూతురికి నేను సముద్రం గురించి చెప్పింది ఏముందని? ఆరేళ్లకే వచ్చేశాను. నాకు గుర్తున్నవి నాలుగు మాటలు కూడా ఉండవు.

కోజీ కంప్యూటర్లో పేర్ల వెబ్‌సైటు ఒకటి వెతికి మూడు పేర్లు అర్థాలతో సహా అచ్చు తీసిచ్చాడు. మొదటిది షియోరి. సాయంత్రపు పోటు అని అర్థమొచ్చే అక్షరం, ఊరు అని అర్థమొచ్చే అక్షరం. "పోటు వేళ ప్రశాంతంగా ఉండే ఊరిలాంటి మనసు" అని రాశారు. రెండోది నగీసా, ఒకటే అక్షరం, తీరం. "అందరినీ అక్కున చేర్చుకునేది" అట. మూడోది మిత్సుకి. సముద్రం అక్షరం పక్కన చంద్రుడి అక్షరం. "ఇంటికి తిరిగి వచ్చే పడవకు దారి చూపే వెలుగు" అట. సానాయెకి మూడోది నచ్చింది, నాకూ నచ్చింది.

కానీ వెబ్‌సైట్లో ఉన్నదల్లా నిజమని కోజీ నమ్ముతాడు, నేను నమ్మను. సముద్రం సంగతి సముద్రం దగ్గర ఉండేవాణ్నే అడగాలి. నువ్వు సరిచూసి చెప్పు. ఏడో రోజు పండక్కి పేరు సిరాతో రాసి గోడకి తగిలించాలి. అదే రోజు పొద్దున టౌన్ ఆఫీసులో పేరు నమోదు కాగితం ఇచ్చేద్దామని ఉంది. కాబట్టి వెంటనే రాయి. ఫోన్ చేస్తే నువ్వు కబుర్లు చెప్పి అసలు సంగతి మర్చిపోతావు.

వేళాకోళాలు వద్దు.

నీ చెల్లెలు
కినుయో


కురోహామా
1 అక్టోబరు

కొండచెల్లికి కొండంత ఆశీస్సులు,

"శరత్కాలపు చల్లగాలిలో తమరందరూ కుశలమని తలుస్తాను" అని ఉత్తరం మొదలెట్టాలంట. మా మాస్టారు నేర్పాడు. ఆ తర్వాతి పాఠానికి నేను బళ్లో లేను, పడవలో ఉన్నా.

పిల్లకి నా ముక్కొచ్చిందా? పాపం. జలుబు చేస్తే రెండు చేతిరుమాళ్లు పట్టుద్ది. ఇప్పట్నుంచే కొని పెట్టు.

అక్షరాలు వంకరగా ఉన్నాయని తిట్టకు. వేళ్లు ముల్లంగిదుంపల్లా వాచాయి. ఆ దరిద్రం మళ్లీ వచ్చిందే. నెల నుంచీ వల లాగితే అదే. మా వలపెద్ద గెన్‌సాకు రోజూ సముద్రాన్ని తిట్టి గానీ పడవెక్కట్లేదు. ఇంతకన్నా రాయను. ఆ మాట ఇంట్లో ఎత్తకూడదని నాన్న రూలు పెట్టాడు, ఆయన పోయినా రూలు పోలా.

ఇక పేర్లు. తమరు ఆజ్ఞాపించారు గనక పొద్దున్నించీ ఇదే పని మీదున్నా.

షియోరి. సాయంత్రపు పోటున్న ఊరు, ప్రశాంతం. ఆ రాసినోడు మన రేవుకి ఎప్పుడూ రాలేదు. సాయంత్రం పోటుకి ఆడాళ్లంతా బుట్టలతో దిగి చేపల పేగులు నీళ్లలో కుమ్మరిస్తారు. ఆ పేరు పెడితే పిల్లది పేగులపాలెం అవుద్ది. వద్దు.

నగీసా. రైల్వే స్టేషన్ పక్కన బారు నడిపిన నగీసా సంగతి నీకు తెలీదు. గెన్‌సాకు వాళ్లన్నని లేవదీసుకుపోయింది. ఆ పేరు వింటే ఇవాళ్టికీ వాళ్లింట్లో ముద్ద దిగదు. పిల్లని చంకనేసుకుని మా ఊరొస్తే వాళ్ల గుమ్మం ముందు నుంచే నడవాలి మరి. వద్దు.

మిత్సుకి. ఆహా. సముద్రం, చంద్రుడు. తిరిగొచ్చే పడవకి దారి చూపే వెలుగు అన్నాడా? ఆ రాసినోడి కాళ్లు కడిగి ఆ నీళ్లు వాడి నెత్తినే పొయ్యాలి. మన ఇంటికి ఇంతకన్నా తగ్గ పేరు ఎక్కడ దొరుకుద్దే? మన వంశం కథంతా ఆ రెండక్షరాల్లో ఉంది. వల మీద పనిచేసేవాళ్లంతా వినగానే లేచి నిలబడతారు. నాన్న బతికుంటే పరుగున వచ్చేవాడు. పెట్టెయ్. ఆలోచించకు.

ముక్కు దానం చేసిన తాతయ్య
ఇసోకిచి


ఇనా
4 అక్టోబరు, మధ్యాహ్నం

అన్నయ్యకి,

నీ ఉత్తరం నిన్న అందింది. ఇవాళ పొద్దున్నే నేనూ కోజీ వెళ్లి కాగితం ఇచ్చేశాం. సముద్రం, చంద్రుడు. గుమాస్తా ముద్ర కొట్టాడు. పిల్ల పేరు మిత్సుకి.

సాయంత్రానికి ఎర్రగింజల అన్నం వండుతున్నాను. కోజీ వాళ్ల నాన్నగారు పెద్ద ఎర్రచేప తెచ్చారు. మంచి కాగితం కొని, నాలుగుసార్లు తప్పు రాసి చించి, ఐదోసారికి బాగా రాశాను. ఇప్పుడు గోడ మీద ఉంది. వంట మధ్యలో రెండుసార్లు వచ్చి చూసుకున్నాను.

నీ ఉత్తరంలో "మన వంశం కథంతా ఆ రెండక్షరాల్లో ఉంది" అని రాశావు చూడు, ఆ ముక్క సానాయెకి చదివి వినిపించాను. "మామయ్య వేళాకోళం లేకుండా రాశాడేంటమ్మా" అని అది ఆశ్చర్యపోయింది. నేను నవ్వాను గానీ, అన్నయ్యా, నన్నూ మీతో కలిపి "మన వంశం" అని నువ్వు రాయడం ఇదే మొదటిసారి. అది చదివాకే కాగితం మీద సంతకం పెట్టాను.

చేతులకి వదినని వేడినీళ్ల కాపడం పెట్టమను. ఏదో దరిద్రం వచ్చిందన్నావు, అదేంటో నాకు అర్థం కాలేదు. తుఫానా?

నీ చెల్లెలు
కినుయో


ఇనా
5 అక్టోబరు

సకాషితా ఇసోకిచి గారికి,

నిన్న సాయంత్రం పదకొండు మంది చుట్టాల ముందు ఏం జరిగిందో తమరు తెలుసుకోవాలి.

కోజీ మేనత్త హిసాకో గారు వచ్చారు. బళ్లో టీచరుగా చేసి రిటైరయ్యారు. కూర్చుని, కళ్లజోడు పెట్టుకుని, గోడ వైపు చూసి, "ఇదేంటమ్మాయ్, భోజనంలో పెట్టేవాటి పట్టికా?" అన్నారు.

"పాప పేరండీ. మిత్సుకి."

"మిత్సుకి ఏంటి? విడివిడిగా ఎలా పలికినా, సముద్రం, చంద్రుడు పక్కపక్కన రాస్తే కురగే అని కదా చదవాలి. జెల్లీ చేప. డిక్షనరీలో ఉంటుంది."

అందరూ ఆవిడ జోక్ వేసిందనుకున్నారు. కోజీ లేచి పక్కింటికెళ్లి డిక్షనరీ తెచ్చాడు. ఉంది. కోజీ వాళ్ల నాన్నగారు నోట్లో పెట్టుకున్న ముద్ద నమలకుండా ఆగిపోయారు. ఎవరో ముందు ముక్కుతో నవ్వారు, ఆ తర్వాత గదంతా నవ్వింది. "పోనీలే, వెన్నెముక లేకపోయినా సుఖంగా తేలుతుంది" అన్నాడు కోజీ బాబాయి. సానాయె నవ్వలేదు. పిల్లని ఎత్తుకుని లోపలి గదిలోకి వెళ్లి తలుపు జరిపేసింది. నేను రాసిన కాగితం కింద నేను కూర్చుని ఉన్నాను. చేపకి ముళ్లు తీసి వడ్డించడం మొదలుపెట్టాను, ఇంకేం చెయ్యాలో తెలీక.

ఇవాళ పొద్దున వదినకి ఫోన్ చేశాను. "స్టేషన్ దగ్గర బారు నడిపిన నగీసా ఎవరు వదినా" అని అడిగాను. వదిన ఏమందో తెలుసా? "మా స్టేషన్ దగ్గర బారెక్కడిది? కూర్చోడానికి ఒక బెంచీ ఉంది, దానికీ ఒక కాలు లేదు." గెన్‌సాకు గారికి అన్నే లేడట. పేగులు సాయంత్రం పారబొయ్యరట, అన్నీ ఎరువుకి పోతాయట.

అంటే మంచి పేర్లు రెండూ అబద్ధాలతో కొట్టేసి, చెడ్డది ఒక్కటీ మెచ్చుకుని, దాని మీద నా చేత ముద్ర వేయించారు. మీరు చేపలు పట్టేవారు. కురగే అంటే తెలియకపోవడం అసాధ్యం. తెలిసే చేశారు. చిన్నప్పట్నించీ జనాన్ని వెర్రివాళ్లని చేసి నవ్వుకోవడం మీకు అలవాటే. కానీ వారం రోజుల పసిపిల్ల మీదా?

వదిన ఫోన్ మీ చేతికివ్వబోతే నేనే పెట్టేశాను. మీ గొంతు వినాలని లేదు.

కరాసావా కినుయో


కురోహామా
6 అక్టోబరు

ఒసే కినుయో,

నువ్వు నాలుగో తారీకున రాసింది ఇప్పుడే వచ్చింది. నిన్న నువ్వు ఫోన్ పెట్టేసింది నగీసా అబద్ధానికే అనుకున్నా. రెండుసార్లు చదివా. నువ్వే నాతో వేళాకోళం ఆడుతున్నావేమోనని మూడోసారి చదివా.

నిజంగా పెట్టేశావా? ముద్ర కూడా కొట్టాడా?

నీకు బుర్రుందా లేదా? అది కురగే అని రాయడమే. పిలవడానికి నువ్వు మిత్సుకి అని పిలువు, మహారాణి అని పిలువు. రికార్డులో ఎక్కేది అక్షరాలు, పలుకు కాదు. బళ్లో హాజరు పిలిచే ప్రతి టీచరూ ముందు కురగే అని చదివి ఆ తర్వాత నాలుక కరుచుకుంటాడు. సముద్రం ఒడ్డున పుట్టినదానివి, సకాషితా ఇంటిదానివి, ఆ రెండక్షరాలు చూస్తే ఒళ్లు జలదరించలేదా? నేను ఎద్దేవాగా రాశానని నా పక్కనున్న పిల్లికి కూడా తెలుసు. "నాన్న పరుగున వచ్చేవాడు" అంటే కర్ర పట్టుకుని అని అర్థం. ఆ మాట ఇంట్లో ఎత్తనివ్వని మనిషి ఆ పేరుకి మెచ్చుకుంటాడా?

సరే, ముందు పరుగెత్తు. ఆఫీసుకెళ్లి ఆ గుమాస్తా కాళ్లు పట్టుకో. పండగ సందట్లో తాగి ఉన్నానని చెప్పు. కాగితం తడిసిందని చెప్పు. అల్లుడికి చదువు రాదని చెప్పు. ఏదోటి చెప్పు. వెనక్కి ఇవ్వకపోతే అక్కడే కూర్చో.

ఆ వెబ్‌సైటుకి మా చేపలవాళ్ల సంఘం ఆఫీసులో కూర్చునే పిల్ల చేత ఉత్తరం కొట్టించా. "అయ్యా, మీరు చెప్పిన వెలుగు మా వలలో ఇరవై టన్నులు పడింది, దయచేసి వచ్చి పట్టుకెళ్లండి" అని. అరగంటలో జవాబొచ్చింది. "మీ విలువైన అభిప్రాయానికి కృతజ్ఞతలు. మీ చిన్నారికి ఉజ్జ్వల భవిష్యత్తు కలగాలి." అందరికీ అదే పంపుతారంట. మనిషి చదవడంట. చదవని మనిషిని తిట్టడం ఎలాగో నాకు తెలీలా, కంప్యూటర్‌ని తిట్టా. ఆ పిల్ల లేచి బయటికెళ్లిపోయింది.

కొండమనిషివి కొండమనిషివే. పరుగెత్తు.

ఇసోకిచి


ఇనా
9 అక్టోబరు

ఇసోకిచి గారికి,

మన ఉత్తరాలు దారిలో ఒకదాన్నొకటి దాటుకున్నాయి. నా ఐదో తారీకు ఉత్తరం ఈపాటికి చదివే ఉంటారు. నేను మీ ఆరో తారీకుది చదివాను. అందులో క్షమించమన్న ముక్క ఎక్కడా కనిపించలేదు. బుర్ర లేదన్న ముక్క ఉంది. కొండమనిషినన్న ముక్క ఉంది.

ఆఫీసుకి వెళ్లాను. గుమాస్తా మర్యాదగానే మాట్లాడాడు. "అమ్మా, తీసుకున్న కాగితం వెనక్కి ఇవ్వడం ఉండదు. మార్చాలంటే తల్లిదండ్రులు కుటుంబ కోర్టుకి వెళ్లాలి. కారణం చూపించాలి" అన్నాడు. "పేరు పెట్టిన మనిషికి అర్థం తెలీదు, అది కారణం కాదా?" అని అడిగాను. "పేరు పెట్టింది ఎవరమ్మా?" అన్నాడు. నేనే అన్నాను. అతను కళ్లు దించి కాగితాలు సర్దుకున్నాడు. ఆ జాలి నాకు హిసాకో గారి నవ్వు కన్నా ఎక్కువ గుచ్చుకుంది.

సానాయె నన్ను ఒక్క మాట అనలేదు. అంటే బాగుండేది. పిల్లని పేరు పెట్టి పిలవడం మానేసింది. "ఇదిగో", "అమ్మడూ", "చిట్టీ" అంటోంది. నిన్న ఇంటికొచ్చిన నర్సు "పాప పేరేంటి" అని అడిగితే నా కూతురు నా వైపు చూసింది. జవాబు నన్ను చెప్పమని. నేనూ చెప్పలేదు. నర్సు మా ఇద్దర్నీ చూసి కాగితంలో ఆ గడి ఖాళీగా వదిలేసింది.

సముద్రం ఒడ్డున పుట్టినదానివి, ఎలా తెలీలేదు అని అడిగారు. పుట్టాను. ఆరేళ్లున్నాను. ఆ తర్వాత నన్ను అత్తకి పెంపకానికిచ్చి ఈ కొండల్లోకి పంపించారు. ఆపిల్ చెట్టుకి తెగులు ఎప్పుడొస్తుందో అడగండి, చెబుతాను. మంచు కురిసే ముందు గాలి ఏ వాసన వేస్తుందో అడగండి. వలలో ఏం పడుతుందో, ఏ అక్షరం చూస్తే ఒళ్లు జలదరించాలో నాకెవరు నేర్పారు? ఇల్లు మీకు మిగిలింది. నాన్న మీకు మిగిలాడు. ఆ ఇంట్లో ఎత్తకూడని మాటలు కూడా మీకే మిగిలాయి. నేను ఎనిమిదేళ్లప్పుడు ఇంటికి రాస్తానని అడిగితే అత్త ఏడిచింది, అందుకని పెళ్లయ్యే దాకా మీకు ఉత్తరం కూడా రాయలేదు.

నన్ను కొండమనిషిని చేసింది మీరు. పాతికేళ్లకు పైగా ప్రతి ఉత్తరంలో అదే పేరుతో పిలిచి నవ్వుతున్నదీ మీరే. నేనూ నవ్వుతూనే ఉన్నాను. ఇక నవ్వను.

నా మనవరాలికి మీ ఇంటి నుంచి ఒక్క నిజమైన మాట కావాలని అడిగాను. ఒక్కటి. దానిక్కూడా నేను అర్హురాలిని కానని తేలింది.

కరాసావా కినుయో


కురోహామా
14 అక్టోబరు

కినుయో,

నాకు కోపమొచ్చింది. నీ ఉత్తరాలు రెండూ చదివి మూడు రోజులు అట్టే ఉంచి ఇప్పుడు రాస్తున్నా, అయినా తగ్గలా. నవ్వులాట కోసం చేశానని రాశావు. నవ్వులాట కోసం అబద్ధాలాడింది పేగుల గురించీ, నగీసా గురించీ. ఆ రెండూ వెధవ పనులే, ఒప్పుకుంటున్నా. నువ్వెలాగూ నమ్మవు, తిట్టి నీకు నచ్చింది పెట్టుకుంటావనుకున్నా. కానీ మూడోదాని గురించి రాసేటప్పుడు నేను నవ్వలేదే. పళ్లు కొరుక్కుంటూ రాశా.

నీ మొదటి ఉత్తరం వచ్చిన రోజు సంగతి చెబుతా. తెల్లారి వల లాగబోతే లేవలా. పద్నాలుగు మందిమి లాగాం. లోపల అవే, నేను దరిద్రమని రాసినవి. ఒక్కోటి మనిషి పట్టనంత. జారుడుగా, గులాబీ రంగులో, ఒక్కోటి రెండు బస్తాల బియ్యమంత బరువు. చేపలన్నీ వాటికింద పడి తెల్లబడి చచ్చాయి. పగిలి కారిన రసం కళ్లల్లో పడకుండా అద్దాలు పెట్టుకుని, కొక్కేలతో చీరి, మళ్లీ సముద్రంలోకే తోశాం. వల రెండు చోట్ల చిరిగింది. ఇంటికొచ్చి వాచిన చేత్తో కవరు చింపితే, నువ్వు అందంగా రాసిన అక్షరాలు రెండు. సముద్రం, చంద్రుడు. తిరిగొచ్చే పడవకి వెలుగంట. నాకు కళ్లు చీకట్లు కమ్మాయి.

నేను బళ్లో నేర్చిన అక్షరాలు సగం మర్చిపోయా. ఆ రెండూ మర్చిపోలా. ఎందుకో నీకు తెలుసనే ఇన్నాళ్లూ అనుకున్నా. నీ ఉత్తరం చూశాక తెలిసింది, నీకెవరూ చెప్పలేదని. నాన్న చెప్పలా, అత్త చెప్పలా. చెబుతా విను.

నీకు ఆరు, నాకు తొమ్మిది. ఆ శరత్కాలం ఇలాగే వచ్చాయి. ఇంతకన్నా ఎక్కువ. వలలన్నీ పోయాయి. సంఘం వాళ్లు ఏం చెయ్యాలో తెలీక వాటిని ఉప్పులో ఊరేసి అమ్ముదామన్నారు. పీపాలు తెచ్చి, వాటి మీద ఎర్రరంగుతో ఆ రెండక్షరాలు రాశారు. ఎవరూ కొనలా. చలికాలమంతా పీపాలు రేవులో కంపు కొడుతూ ఉన్నాయి. బడికెళ్లే దారిలో రోజూ చదివేవాణ్ని. సముద్రం, చంద్రుడు. సముద్రం, చంద్రుడు. ఆ చలికాలంలోనే వలలో నాన్న వాటా పోయింది. ఆ చలికాలంలోనే అత్త వచ్చింది. అమ్మ నీకు కొత్త సాక్సు తొడిగింది. నీ సంచీ నేను మోశా, బస్సు దాకా. నువ్వు కిటికీలోంచి "అన్నయ్యా, రైల్లో ఆరెంజ్ పండు ఇస్తారంట" అని అరిచావు. సంతోషంగా వెళ్లావు నువ్వు.

బస్సెళ్లాక నాన్న రేవుకొచ్చి ఒక పీపా మీద గొడ్డలితో కొట్టాడు. అది పగిలి అంతా ఆయన కాళ్ల మీద కారింది. ఆ తర్వాతే ఆ మాట ఇంట్లో ఎత్తకూడదన్నాడు.

నిన్ను తీసుకెళ్లింది అత్త కాదే. అవి. ఆ పేరు తెచ్చి "పిల్లకి పెట్టనా" అని నన్నడిగితే ఏం రాయాలి నేను? తెలీక అడుగుతున్నావని నాకు తట్టలా. తెలిసే, మమ్మల్ని దెప్పడానికే అడుగుతున్నావనుకున్నా. అందుకే "మన వంశం కథంతా అందులో ఉంది, పెట్టెయ్" అన్నా. దెప్పితే దెప్పించుకుందామని.

ఇప్పుడు తిట్టు. కానీ ఆ ఉత్తరంలో నవ్వానని మాత్రం అనకు.

ఇసోకిచి


ఇనా
20 అక్టోబరు

అన్నయ్యా,

గారు తీసేశాను. కోపం తగ్గి కాదు, రాయడానికి చెయ్యి నొప్పి పుట్టి.

నేను మిమ్మల్ని దెప్పుతున్నానని ఎలా అనుకున్నావు? నలభై నాలుగేళ్లలో ఒక్కసారి దెప్పానా? అత్త బతికున్నన్నాళ్లూ ఏం చెప్పిందో తెలుసా. "పిల్లలు లేరని మీ నాన్నని బతిమాలి, ఏడిచి, నిన్ను అడిగి తెచ్చుకున్నాను." అది నమ్మి నేను మనిషినయ్యాను. ఎవరో ఒకరు నన్ను ఏడిచి అడిగారు కదా అనుకునేదాన్ని. ఇప్పుడు నువ్వు చెప్పేది చూస్తే, అన్నం గిన్నెలు లెక్కపెట్టి ఒకటి తగ్గించారు. అదీ నాకు ఆరెంజ్ పండు చూపించి.

ఈ కోపం ఎవరి మీద పెట్టుకోను? నాన్న లేడు, అమ్మ లేదు, అత్త లేదు. మిగిలింది నువ్వూ, ఆ జంతువూ. మీ ఇద్దరిలో చదవగలిగింది నువ్వొక్కడివే.

నీ ఉత్తరం సానాయెకి చదవమని ఇచ్చాను. చదివి పిల్ల వీపు నిమురుతూ కూర్చుంది. ఆ తర్వాత ఇలా మాట్లాడుకున్నాం. ఉన్నదున్నట్టు రాస్తున్నాను.

"కోర్టుకి వెళ్దామమ్మా. కోజీతో చెప్పాను."

"నగీసా పెడదామా? అది మంచి పేరే. మీ మామయ్య అబద్ధమాడాడు."

"మిత్సుకి అనే పిలుస్తా. మొదట్నించీ కడుపులో పెట్టుకుని అదే అనుకున్నాను. పిలుపు మారదు. అక్షరం మారుద్దాం."

"సముద్రం తీసేస్తావా మరి?"

"నువ్వు చెప్పు. పేరు పెట్టేది నువ్వేగా."

ఇంత జరిగాక కూడా నా కూతురు ఆ పని నా దగ్గర్నుంచి తీసుకోలేదు. నేను లోపలికెళ్లి ముక్కు చీదుకుని వచ్చాను.

సముద్రం తియ్యను. ఒకసారి నా దగ్గర్నుంచి తీసేశారు, చాలు. చంద్రుణ్ని తీసేశాను. చంద్రుణ్ని ఎలా పలుకుతామో అలాగే పలికే అక్షరం ఇంకొకటి ఉంది. కేయాకి చెట్టుకి పాతకాలంలో త్సుకి అని పేరు కదా, ఆ చెట్టు అక్షరం. మా ఇంటి వెనక కొండవాలులో అవే ఉన్నాయి. నేను ఇక్కడికి వచ్చిన ఏడాది వాటి కింద కూర్చుని ఏడిచేదాన్ని, అత్త వచ్చి పక్కన కూర్చునేది. బతిమాలి తెచ్చుకుందో, మిగిలితే తెచ్చుకుందో, కూర్చోడం మాత్రం నిజంగా కూర్చుంది.

కాబట్టి సముద్రం అక్షరం, చెట్టు అక్షరం. చదివితే మిత్సుకి. హిసాకో గారు డిక్షనరీలో చూశారు. పేర్లకి అనుమతించిన అక్షరాల్లో చెట్టు అక్షరం ఉందని కోజీ ఆఫీసుకెళ్లి అడిగి వచ్చాడు. దరఖాస్తు హిసాకో గారే రాసి పెట్టారు. "ఆ రోజు నేను నవ్వి ఉండాల్సింది కాదు" అన్నారు. "నవ్వకపోతే తెలిసేది కాదు" అన్నాను. కోర్టు ఏమంటుందో ఇంకా తెలీదు. నిన్న నర్సు మళ్లీ వచ్చి అదే ప్రశ్న అడిగితే సానాయె "మిత్సుకి" అని చెప్పింది. అక్షరాలు ఇంకా తేలలేదండీ అని చెప్పింది.

ఇప్పుడు నీ పని. నాకు హిసాకో గారు, కోజీ చూసింది చాలదు. డిక్షనరీలో లేనివి మీ రేవులో ఉంటాయి. సముద్రం పక్కన ఆ చెట్టు పేరు పెడితే, మీ దగ్గర ఏదైనా చెడ్డ చేపకి, రోగానికి, శాపానికి ఆ పేరుందేమో కనుక్కో. మనుషుల్ని అడిగి కనుక్కో. ఉంటే ఉందని రాయి, లేకపోతే లేదని రాయి. మెచ్చుకోవద్దు. నువ్వు మెచ్చుకుంటే నేను ఇంకో పేరు వెతుక్కోవాల్సి వస్తుంది.

కినుయో


కురోహామా
25 అక్టోబరు

కినుయోకి,

అడిగా. గెన్‌సాకుని అడిగా, సంఘం ఆఫీసులో అడిగా, గుడిలో పూజారిని అడిగా, అందరికన్నా ముసలిది, చేపలెండబెట్టే ఒకీ అవ్వని అడిగా. ఒకీ అవ్వ "ఇందులో ఏం మెలికుంది రా, ఎవణ్ని ఏడిపించబోతున్నావు" అని చీపురెత్తింది. ఎవణ్నీ కాదే అవ్వా, నా మేనకోడలి కూతురి పేరు అంటే నమ్మలా. మీ వదిన వచ్చి చెప్తే నమ్మింది. ఆ తర్వాత కళ్లు మూసుకుని తనకి తెలిసిన పేర్లన్నీ వేళ్ల మీద లెక్కపెట్టి, లేదంది.

ఆ పేరు మీద చేప లేదు. రోగం లేదు. శాపం లేదు. బారు లేదు.

నువ్వు మెచ్చుకోవద్దన్నావు, మెచ్చుకోను. కనుక్కున్నది ఒకటుంది, అది మాత్రం రాస్తా. పడవలు చేసే యొహేయ్‌ని కూడా అడిగా. ఆ చెట్టు మా రేవులో మొలవదంట. మీ వైపు కొండల్నించే దుంగలు దిగేవంట. నాన్న చిన్న పడవకి అడుగు దూలం ఆ చెక్కేనంట. వాళ్ల నాన్నే చెక్కాడంట. పడవ షెడ్డులో బోర్లించి ఉంది, నేను వెళ్లి వలలు తీసి, దుమ్ము తుడిచి చూశా. మిగతాదంతా పుచ్చింది. దూలం పుచ్చలా. గోరు పెట్టి నొక్కినా దిగలా.

నేను పుట్టకముందు నుంచీ అది ఆ పడవ కింద ఉంది. నేను చూడటం ఇదే మొదలు.

ఇది వేళాకోళం కాదు. ఎలా రాస్తే నువ్వు నమ్ముతావో నాకు తెలీట్లా. అందుకని ఉన్నది రాసి ఆపేస్తున్నా.

ఇసోకిచి


ఇనా
28 అక్టోబరు

అన్నయ్యా,

నమ్మను.

చూడ్డానికి వస్తున్నాం, నేనూ, సానాయె, మిత్సుకి, ముగ్గురం. షెడ్డుకి తాళం వెయ్యకు.

కినుయో